థాయ్‌లాండ్ ఉద్యోగం అంటున్నారు, ఊరు చూస్తే బర్మా బోర్డరు. ఎన్నికలు అయ్యేయి కాబట్టి ఇప్పుడు పర్లేదా?

లంకలో అక్క:

అందరికీ నమస్కారమండి. మాది పి.గన్నవరం దగ్గర లంక. మా తమ్ముడు డిగ్రీ అయ్యేక అమలాపురంలో ఒక మొబైల్ షాపులో చేస్తున్నాడు. ఈమధ్య ఒక ఏజెంటు తగిలేడు. థాయ్‌లాండ్‌లో కంప్యూటర్ ముందు కూర్చునే పని, నెలకి డెబ్బై వేలు, తిండీ రూమూ కంపెనీదే, ముందు లక్షన్నర కడితే చాలంటున్నాడు. ఇంటర్వ్యూ వాట్సాప్‌లోనే అయిపోయింది. టైపింగ్ స్పీడెంతని అడిగేరంట, అంతే.

నేను కువైట్‌లో ఇళ్ళల్లో పని చేసొచ్చినదాన్ని. వీసా కాగితం చేతిలో పడందే పెట్టి సర్దకూడదని నాకు బాగా తెలుసు. వీసా ఏదయ్యా అంటే "థాయ్‌లాండ్‌కి వీసా అక్కర్లేదమ్మా, అక్కడికెళ్ళేక కంపెనీ చూసుకుంటుంది" అంటాడు. ఆఫీసు ఏ ఊళ్ళో అని గట్టిగా పట్టుకుంటే మే సోట్ అన్నాడు. మ్యాప్‌లో చూస్తే బ్యాంకాక్‌కి దాదాపు 500 కిలోమీటర్లు, బర్మా, అదే మయన్మార్, అంచున ఉంది.

బర్మాలో గొడవలంట కదా అంటే నవ్వేడు. "అవన్నీ పాత కబుర్లు. ఎన్నికలు కూడా పెట్టేసేరు, ఇప్పుడంతా డెమోక్రసీయే" అన్నాడు. మా నాన్న దానికి పడిపోయేరు. నాన్న వాళ్ళ తాత రంగంలో, అదే రంగూన్‌లో, రేవులో మూటలు మోసేడంట, "మనవాళ్ళకి అచ్చొచ్చిన దేశం" అంటారు. అంత అచ్చొస్తే రెండో ప్రపంచ యుద్ధంలో అడవులమ్మట నడిచి ఎందుకొచ్చేడో మరి.

నాకు రెండు సంగతులు కావాలండి. అక్కడ నిజంగా సర్దుకుందా? ఇంకోటి, నాకు తెలీకే అడుగుతున్నాను, బర్మాలో ఆంగ్ సాన్ సూకీ గారు ఎన్నికల్లో గెలిచేరని, జనం వీధుల్లో డాన్సులు చేస్తున్నారని అప్పట్లో టీవీలో చూసేం కదా. ఓట్లేసుకుని నిలబడ్డ దేశం మళ్ళీ ఇలా ఎందుకైపోయింది? నాన్నకి నచ్చజెప్పాలంటే ముందు నాకు అర్థమవ్వాలి.

కాకినాడ కుర్రోడు:

ఊరికే భయపెడతారండి టీవీలవాళ్ళు. మా ఫ్రెండు బ్యాంకాక్‌లో హోటల్లో చేస్తున్నాడు, హ్యాపీగా ఉన్నాడు. ఎన్నికలు జరిగేయంటే గవర్నమెంటు ఉన్నట్టే. గొడవలు ఏ దేశంలో లేవు చెప్పండి? వెళ్ళనివ్వండి, నాలుగు డబ్బులు వెనకేసుకుంటాడు.

తాళ్ళరేవు మినుములు:

అమ్మా, ముందు మీ రెండో ప్రశ్న చూద్దాం. మొదటిది దాంట్లోనే తేలిపోద్ది. కాస్త పొడుగవుద్ది, ఓపిక పట్టండి.

నేను పప్పుధాన్యాలు దిగుమతి చేసే ఒక కంపెనీ తరఫున యాంగోన్‌లో, అదే మన రంగంలో, సరుకు చూసే పని చేసేను. 2013లో వెళ్ళి 2021లో వచ్చేసేను. మన దేశం బయటనించి తెచ్చుకునే మినుముల్లో చాలామటుకు అక్కడివే. బయిన్నౌంగ్ మార్కెట్లో పొద్దున్నే బస్తాలో చువ్వ గుచ్చి గుప్పెడు గింజలు తీసి పంటికింద వేసుకోవాలి. టప్‌మని విరిగితే ఆరిన సరుకు. పంటికి నొక్కుకుపోతే తేమ ఉన్నట్టు, ధర కోసెయ్యాలి. అదీ నా ఉద్యోగం. రాజకీయాలు మనకెందుకు అనుకునేవాణ్ణే, కానీ ఆ ఊళ్ళో ఉంటే అవే మన గుమ్మంలోకి వస్తాయి.

నేను వెళ్ళేసరికి సిమ్ కార్డు దొరకడమే గగనం. అంతకు కొన్నేళ్ళ కిందట సిమ్ అంటే లక్ష రూపాయల దగ్గర మాటంట. 2014లో విదేశీ కంపెనీలు వచ్చి 1,500 చాట్లకి అమ్మేయి, చాట్ అంటే అక్కడి రూపాయి, మన డబ్బుల్లో వంద లోపే. బస్తాలెత్తే కుర్రాళ్ళు కూడా మధ్యాహ్నం బస్తాల మీద పడుకుని ఫేస్‌బుక్ చూసేవారు. అచ్చెయ్యకముందే సర్కారుకి చూపించాలన్న రూలు 2012లో తీసేసేరు, 2013 ఏప్రిల్ నించి ప్రైవేటు దినపత్రికలు వచ్చేయి. 2015 నవంబర్ 8న ఓట్లు. మా గోడౌన్ గుమస్తాకి అప్పటికే యాభై దాటేయి. వేలికి ఊదా సిరా పెట్టించుకొచ్చి, ఆ వేలు ఎత్తిపట్టుకునే అన్నం తిన్నాడు. 1990లోనూ వేసేడాయన. అప్పుడు సూకీ పార్టీకి 492లో 392 సీట్లొస్తే సైన్యం అధికారం ఇవ్వనేలేదు. అందుకని లెక్క తేలేదాకా ఎవరూ సంబరపడొద్దని అందరికీ చెప్పేవాడు. తీరా రోజు వచ్చేక అందరికంటే ముందు ఎగిరింది ఆయనే.

మరి ఆ ఎన్నికలు ఎవరు రాసిన రాజ్యాంగం కింద జరిగేయి? సైన్యం రాసుకున్నదే. 2008 మే మొదట్లో నర్గీస్ తుపాను ఇరావడి డెల్టాని ఊడ్చేసింది, లక్షమందికి పైగా పోయేరు. 96 తుపాను చూసిన కోనసీమ వాళ్ళకి నేను వేరే చెప్పక్కర్లేదు. శవాలింకా నీళ్ళల్లో ఉండగానే మే 10న మిగతా దేశంలో జనాభిప్రాయం అని ఓటింగు పెట్టేరు. తుపాను పడ్డ చోట్ల కూడా వదల్లేదు, ఇంకో రెండు వారాలు ఆగి అక్కడా పెట్టేరు. 92 శాతం దాటి "సరే" అన్నారని ప్రకటించుకున్నారు.

దాంట్లో ఉన్నదేంటంటే, పార్లమెంటులో నాలుగోవంతు సీట్లు ఓటూ గీటూ లేకుండా సైన్యానివే. ముఖ్యమైన సవరణ ఏది చెయ్యాలన్నా 75 శాతం దాటాలి. యూనిఫారంలో కూర్చున్నవాళ్ళు చెయ్యెత్తకపోతే అక్షరం కదలదన్నమాట. హోం, రక్షణ, సరిహద్దు శాఖలకి మంత్రుల్ని ఇచ్చేది సేనాధిపతి. భర్తో పిల్లలో పరాయిదేశం పౌరులైతే అధ్యక్ష పదవికి పనికిరారు. సూకీ గారి పిల్లలు బ్రిటిష్ పౌరులు, ఆ వాక్యం ఎవరికోసం పెట్టేరో చెప్పక్కర్లేదు. ఇల్లు అద్దెకిచ్చి వంటింటి తాళంచెవి ఓనరు మొలతాడుకి కట్టుకున్నట్టు. జనం ఇంట్లోకైతే వచ్చేరు, పొయ్యి ఎప్పుడు వెలిగించాలో మాత్రం అడిగి తెలుసుకోవాలి.

ఆ రాజ్యాంగంలోనే సందు వెతికిన లాయరు ఒకాయన ఉండేవాడు, కో నీ అని. సూకీ గారు అధ్యక్షురాలు కాకపోతేనేం, "స్టేట్ కౌన్సిలర్" అని కొత్త పదవి చట్టం చేసుకోవచ్చన్న ఆలోచన ఆయనదే అంటారు. మొత్తం రాజ్యాంగాన్నే మార్చాలని పట్టుబట్టేవాడు. 2017 జనవరి 29న యాంగోన్ ఎయిర్‌పోర్టు బయట మనవణ్ణి ఎత్తుకుని నిలబడుంటే వెనకనించి వచ్చి తలలో కాల్చేరు. పారిపోతున్నవాణ్ణి తరుముకెళ్ళిన టాక్సీ డ్రైవరునీ కాల్చేసేరు. ఆ లైను టాక్సీవాళ్ళు చాలాకాలం ఎక్కిన ప్రతివాడికీ ఆ చోటు చూపించేవారు. కో నీ ముస్లిం. ఆయన అంత్యక్రియలకి సూకీ గారు వెళ్ళలేదు. నాకు ఆ రోజే అనుమానం వచ్చింది, ఈవిడ సైన్యంతో గొడవ పెట్టుకోకుండా నెట్టుకొద్దామనుకుంటోందని.

ఈ విషయంలో నేను ఆవిణ్ణి వెనకేసుకురాను. అదే ఏడు ఆగస్టు తరవాత సైన్యం దాడులకి రఖైన్ రాష్ట్రం నించి ఏడు లక్షలమందికి పైగా రోహింగ్యా ముస్లింలు బంగ్లాదేశ్‌కి పారిపోయేరు. 2019 డిసెంబర్‌లో హేగ్‌లోని అంతర్జాతీయ కోర్టుకి స్వయంగా వెళ్ళి సైన్యం చేసినదాన్ని వెనకేసుకొచ్చింది ఆవిడే. మార్కెట్లో నాకు రోజూ టీ పోసే మంచివాళ్ళు కూడా "వాళ్ళు మావాళ్ళు కాదులే" అనేవారు. మమ్మల్నీ చాటుగా "కలా" అనేవారనుకోండి, ఇండియా వైపునించి వచ్చినవాళ్ళని చులకనగా పిలిచే మాట అది. 1930 మేలో రంగం రేవులో మన కోరంగి కూలీలు, అక్కడ తెలుగు కూలీలకి అదే పేరు, కూలి పెంచమని సమ్మె కట్టేరు. కంపెనీలు బర్మావాళ్ళని పనిలోకి తీసుకుని, సమ్మె తేలేక వాళ్ళని గెంటేసేయి. ఆ గొడవల్లో వందమందికి పైగా చచ్చిపోయేరు, ఎక్కువ మనవాళ్ళే. మీ నాన్నగారి తాత ఆ రేవులో ఏ కాలంలో ఉన్నారో అడగండి. "అచ్చొచ్చిన దేశం" అన్నమాట అక్కడే తేలిపోద్ది. దొరలు రగిల్చిన ఆ కుంపటి మీదే తరవాత సైన్యం చలి కాచుకుంది. ఓటొచ్చేక జనమైనా దాన్ని ఆర్పుంటే బాగుండేది, ఆర్పలేదు.

2020 నవంబర్‌లో మళ్ళీ ఎన్నికలు. 476కి 396 సూకీ పార్టీకి, సైన్యం వెనకున్న పార్టీకి 33. కోటి దొంగ ఓట్లున్నాయని సైన్యం లేవదీసింది, ఎన్నికల సంఘం కాదంది. సేనాధిపతి మిన్ ఆంగ్ లైంగ్‌కి 2021 జులైలో 65 నిండి రిటైరవ్వాలి. ఇదీ కారణమే అని నేను నమ్ముతాను. కొత్త పార్లమెంటు కూర్చోవాల్సింది ఫిబ్రవరి 1, సోమవారం. ఆ తెల్లారుజామునే సైన్యం సూకీ గారినీ ఆ పార్టీ నాయకుల్నీ పట్టుకుపోయి పగ్గాలు లాక్కుంది.

ఆ పొద్దున్న నా ఫోన్లో సిగ్నల్ లేదు, నెట్ లేదు. మార్కెట్‌కి వెళ్తే మినుముల సీజను కదా, లారీలు బారులు తీరున్నాయి గాని ధర పలికేవాడు లేడు. ఏటీఎంల ముందు క్యూలు. మా గుమస్తా వచ్చేడు, లెడ్జరు మూసి అలమరలో పెట్టేడు, నాతో ఒక్కమాటా అనకుండా బియ్యం కొనడానికి పోయేడు. ఆయన బ్యాంకుకి వెళ్ళలేదు చూడండి. 1987 సెప్టెంబర్‌లో 25, 35, 75 చాట్ల నోట్లు చెల్లవని ఒక్కరోజులో ప్రకటించి జనాన్ని ముంచేరు, మార్చుకోడానికి కూడా ఇవ్వలేదు. ఆ దెబ్బ తిన్నవాడు మళ్ళీ నోటు నమ్మడు.

మర్నాడు రాత్రి 8 గంటలకి గిన్నెలు కొట్టడం మొదలెట్టేరు. ఇంట్లోంచి దయ్యాన్ని తరమడానికి అక్కడ అలా కొడతారు. మా ఎదురింటి ముసలావిడ అల్యూమినియం డేక్సా బోర్లించి గరిటెతో కొట్టేది, నెల తిరిగేసరికి దాని అడుగంతా సొట్టలే. బ్యాంకులవాళ్ళు, రైల్వేవాళ్ళు, డాక్టర్లు, కస్టమ్స్‌వాళ్ళు పని మానేసేరు. మా కంటెయినర్లు రేవు చేరలేదు, ఇక్కణ్ణించి కంపెనీ ఒకటే చివాట్లు. మార్చి 14న యాంగోన్‌లోనే లైంగ్ తాయా ఫ్యాక్టరీల పేటలో కాల్పులు. మార్చి 27న, సైనిక దినోత్సవం నాడు, ఒక్కరోజులో వందమందికి పైగా పోయేరు. అక్కడితో ఊరేగింపులు పల్చబడ్డాయి, కుర్రాళ్ళు అడవుల్లోకి పోయి తుపాకీ పట్టేరు. మా గుమస్తా చిన్నకొడుకు కూడా వెళ్ళేడని తరవాత తెలిసింది.

ఇప్పుడు మీ మే సోట్. పక్కన మోయి నది, అవతలి ఒడ్డున మ్యావడి, అది బర్మా. 2010లో సైన్యం అక్కడి కరెన్ తెగవాళ్ళ సాయుధ ముఠాలు కొన్నిటికి "సరిహద్దు రక్షక దళం" అని పేరు పెట్టి తన కిందకి తెచ్చుకుంది. వాళ్ళ జాగాలో చైనా డబ్బుతో ష్వే కొక్కో అని ఒక పట్నం లేచింది. 2020లో సూకీ ప్రభుత్వం దానిమీద విచారణ వేసింది. సైన్యం పగ్గాలు లాక్కున్నాక ఆ విచారణ గురించి అడిగే నాథుడే లేడు. దేశం నలుమూలలా యుద్ధం చేస్తున్న సైన్యానికి ఆ దళం తోడు కావాలి, అందుకే అది ఏం చేసుకున్నా చాలాకాలం కళ్ళు మూసుకుంది. ఆన్‌లైన్ మోసాల కొట్లు పుట్టగొడుగుల్లా లేచింది అలాంటి జాగాల్లోనే. మీ తమ్ముడి "కంప్యూటర్ పని" అదేనని నా గట్టి నమ్మకం.

ఏజెంటు చెప్పే ఎన్నికలంటారా, 2025 డిసెంబర్ 28న మొదలెట్టి జనవరిలో ఇంకో రెండు విడతలు పెట్టేరు. సూకీ పార్టీని 2023 మార్చిలోనే రద్దు చేసేసేరు, ఆవిణ్ణి జైల్లో పెట్టేరు, యుద్ధం జరుగుతున్న చాలాచోట్ల పోలింగే లేదు. గెలిచింది సైన్యం పార్టీ. 2024 ఫిబ్రవరి నించి అక్కడి కుర్రాళ్ళని బలవంతంగా సైన్యంలో చేర్చే చట్టం కూడా అమలు చేస్తున్నారు. దానికి భయపడి వాళ్ళ పిల్లలే ఆ నది దాటి థాయ్‌లాండ్ వైపు పారిపోతుంటే, మనవాణ్ణి ఎదురు పంపిస్తారా?

కాకినాడ బాబూ, మీ ఫ్రెండు ఉన్నది బ్యాంకాక్‌లో. అది వేరు, ఇది వేరు.

కాకినాడ కుర్రోడు:

సరే అంకుల్, మీరన్నదే నిజమనుకుందాం. మరి అలాంటి గవర్నమెంటు ఉన్న దేశం నించి మనం మినుములెందుకు కొంటున్నాం? 2021 తరవాత కూడా ఓడలు వస్తూనే ఉన్నాయిగా.

తాళ్ళరేవు మినుములు:

మంచి ప్రశ్న వేసేవు బాబూ. 2021 జూన్‌లోనే, కాల్పులైన మూడు నెలలకే, ఏటా రెండున్నర లక్షల టన్నుల మినుములు, లక్ష టన్నుల కందులు ఐదేళ్ళపాటు ప్రైవేటు వర్తకం మీద తెచ్చుకునేట్టు మన ప్రభుత్వం ఒప్పందం చేసుకుంది. మనం కొనకపోతే ముందు చచ్చేది అక్కడి రైతు, వాళ్ళు మినుములు పెద్దగా తినరు, ఎక్కువ మనకోసమే పండిస్తారు. ఇది నిజం. కొంటే డాలర్లలో సైన్యానికి వాటా పోద్ది, 2022 ఏప్రిల్‌లో ఎగుమతి డాలర్లని సర్కారు కట్టిన రేటుకే మార్చుకోమన్నారు, బయటి రేటు అంతకంటే ఎక్కువ ఉండేది. ఇదీ నిజమే. ఈ రెండిట్లో ఏది బరువో నన్ను తేల్చమంటే తేల్చలేను, నా ఇల్లు కట్టింది ఆ మినుములతోనే. దీని గురించి కావాలంటే వేరే పోస్టు పెట్టు, మాట్లాడుకుందాం. ఇక్కడ ఆ అమ్మాయి తమ్ముడి సంగతి చూడాలి.

లంకలో అక్క:

బాబాయ్ గారూ, ఎలా చెప్పాలో తెలీట్లేదు. మీరు రాసింది నాన్నకి చదివి వినిపించేను. 1930 గొడవల దగ్గర ఆగమన్నారు. వాళ్ళ తాత వీపు మీద పెద్ద మచ్చ ఉండేదంట, బస్తా కొక్కెం గీసుకుందని చెప్పేవాడంట. కొక్కేనికి అంత మచ్చ పడుద్దా అని ఇప్పుడు అంటున్నారు.

కానీ మా తమ్ముడు వినట్లేదండి. ఏజెంటు వాడికి ఇంకో మాట చెప్పేడంట, ఆఫీసు మే సోట్‌లోనే గాని రూము "నదికి అటువైపు, పది నిమిషాలే" అని. ఫోటోలు పంపేడు, ఏసీ రూము, జిమ్ము.

పేరు వద్దు:

అక్కా, నేను మామూలుగా ఎక్కడా రాయను. 2025 మార్చిలో మే సోట్ నించి ఎయిర్‌ఫోర్స్ విమానాల్లో తెచ్చిన 549 మందిలో నేనొకణ్ణి. మాదీ కోనసీమే, ఊరు అడక్కండి, పెళ్ళి సంబంధాలు చూస్తున్నారు.

నాకూ ఇదే చెప్పేరు. టైపింగ్ టెస్టు, జిమ్ము ఫోటో, అన్నీ ఇవే. బ్యాంకాక్‌లో దిగేక కారెక్కించేరు, దారిలో కార్లు మార్చేరు, రాత్రి పడవలో దాటించేరు. అవతల ఒడ్డు మీద మొదట అడిగింది పాస్‌పోర్టు. ఆ జిమ్ము నిజంగానే ఉంది, బాసులది. మాకు మాత్రం అమ్మాయి ఫోటో పెట్టుకుని అమెరికాలో ముసలాళ్ళతో చాటింగు చెయ్యడం, క్రిప్టోలో డబ్బు పెట్టించడం. టార్గెట్ రాకపోతే రాత్రంతా నిలబెట్టేవారు. కొట్టడం గురించి రాయను, అమ్మ చదువుద్దేమో.

2024 ఏప్రిల్‌లో మ్యావడి కోసం సైన్యానికీ కరెన్ వాళ్ళకీ యుద్ధం అయింది. పేలుళ్ళకి కిటికీలు అదిరేవి. షిఫ్టు మాత్రం ఆపలేదు. ఎవరు గెలిస్తే మమ్మల్ని వదుల్తారో అని మాలో మేము లెక్కలేసుకునేవాళ్ళం. ఎవరు గెలిచినా గేటు దగ్గర తుపాకులు అవే. ఇక్కడైతే కనీసం స్టేషన్‌కెళ్ళి కేసు పెడతాం, తీసుకోకపోతే ఎస్పీ ఆఫీసుకెళ్తాం. అక్కడ గేటు తోసుకుని బయటపడ్డా ఎవరి దగ్గరికెళ్ళాలి? పోలీసు ఎవడో తెలీదు, సైన్యం ఎవడో తెలీదు.

2025 ఫిబ్రవరిలో థాయ్‌వాళ్ళు అటువైపుకి కరెంటు, ఇంటర్నెట్టు, పెట్రోలు ఆపేసేరు. అప్పుడే కదలిక వచ్చింది, వేలమందిని వదిలేరు. మీ తమ్ముణ్ణి ఒకసారి నాతో మాట్లాడించండి. ఇక్కడ మెసేజి పెడితే నెంబరిస్తాను.

తాళ్ళరేవు మినుములు:

బాబూ, నువ్వు రాసిన దాని తరవాత నేను రాయడానికేం లేదు. సంబంధం మంచిది కుదరాలి.

అమ్మా, రెండు పనులు చెయ్యండి. ఏజెంటుకి లైసెన్సు ఉందో లేదో మన ప్రభుత్వం ఈమైగ్రేట్ వెబ్‌సైట్లో చూడండి, అందులో పేరు లేకపోతే వాడు దొంగ ఏజెంటే. రెండోది, 2024 జులైలో థాయ్‌లాండ్ మనవాళ్ళని వీసా లేకుండా 60 రోజులు రానివ్వడం మొదలెట్టింది చుట్టం చూపుకి, తిరగడానికే. దానిమీద జీతానికి పని చెయ్యకూడదు. ఈ మాట వాడి మొహమ్మీద అడగండి. ఇంతకీ డబ్బేమైనా కట్టేరా?

లంకలో అక్క:

ఇరవై వేలు అడ్వాన్సు కట్టేసేడండి, మాకు చెప్పకుండా. పాస్‌పోర్టు కూడా ఏజెంటు దగ్గరే ఉంది. రశీదు ఇవ్వలేదు, ఫోన్‌పే చేసేడంట. పేరు వద్దు తమ్ముడూ, నీకు మెసేజి పెట్టేను, సాయంత్రం షాపు కట్టేసేక వాడితో చేయిస్తాను.

తాళ్ళరేవు మినుములు:

ఫోన్‌పే చేసింది ఫోన్లో ఉంటే అదే రశీదు, స్క్రీన్‌షాట్ తీసి దాచండి. వాట్సాప్ మాటలు, జిమ్ము ఫోటోలు ఒక్కటీ చెరపొద్దు. డబ్బు సంగతి తరవాత, ముందు పాస్‌పోర్టు రాబట్టండి. తిన్నగా ఇవ్వకపోతే కంప్లయింటు రాసి స్టేషన్‌కి వెళ్ళండి, పరాయివాడి పాస్‌పోర్టు దగ్గర పెట్టుకునే హక్కు వాడికి లేదు. వెళ్ళేటప్పుడు మీ నాన్నగారిని కూడా తీసుకెళ్ళండి.